బళ్ళారి రాఘవ: మూడు సినిమాల నటుడు

బళ్ళారి రాఘవ (2 ఆగస్టు 1880 – 16 ఏప్రిల్ 1946) తెలుగు, కన్నడ, హిందీ, ఇంగ్లీషు నాటకాల్లో పేరు మోసిన నటుడు. వృత్తి న్యాయవాదం. అసలు పేరు తాడిపత్రి రాఘవాచార్యులు. నాటకం అనగానే ఆయన పేరు తలచుకునేవాళ్లు చాలామంది. ఆయన సినిమాల్లో కూడా వేశారని తెలిసినవాళ్లు మాత్రం తక్కువ. 1936 నుంచి 1940 దాకా ఆయన నటించినవి మూడే మూడు తెలుగు సినిమాలు: 'ద్రౌపదీ మానసంరక్షణం', 'రైతుబిడ్డ', 'చండిక'. మొదటిది ఆడలేదు, రెండోది గొడవల్లో పడింది, మూడోది ఇంకొకరి సినిమా. లెక్క చూస్తే ఇంతే. కానీ ఆ మూడింటిలో నడిమి దాన్ని పక్కన పెట్టి తెలుగు సినిమా నటన చరిత్ర రాయడం కుదరదు.

ఆదోని, ఎమ్మిగనూరు వైపు వాళ్లు రాఘవను "మా జిల్లా ఆయన" అనుకుంటే అందులో తప్పేమీ లేదు. ఇవాళ కర్నూలు జిల్లా పడమటి అంచున ఉన్న ఆదోని, ఆలూరు తాలూకాలు 1953 అక్టోబరు 1 దాకా బళ్ళారి జిల్లాలోవే. ఎమ్మిగనూరు అప్పట్లో ఆదోని తాలూకాలో ఊరు. జిల్లా కచేరీలో పని పడితే బళ్ళారికి, పెద్ద కోర్టుకు బళ్ళారికి, పేరున్న నాటకం చూడాలంటే బళ్ళారికి. ఆంధ్రరాష్ట్రం ఏర్పడిన రోజున ఆదోని, ఆలూరు, రాయదుర్గం తాలూకాలు ఇటు వచ్చాయి. మొదటి రెండూ కర్నూలులో కలిశాయి, రాయదుర్గం అనంతపురంలో కలిసింది. బళ్ళారి ఊరు మైసూరు రాష్ట్రానికి పోయింది. దానితో ఒక చిత్రం జరిగింది. నటుడి పేరు ముందున్న ఊరు సరిహద్దుకు అవతల పడింది, ఆయన పుట్టిన ఊరు తాడిపత్రి ఇవతల ఉండిపోయింది. కన్నడిగులూ ఆయన్ను తమవాడే అంటారు, ఆ మాటా నిజమే.

ఆదోని పత్తి మార్కెట్లో ఇవాళ నిలబడి వింటే సంగతి అర్థమవుతుంది. రైతు తెలుగులో ధర అడుగుతాడు, దళారి కన్నడంలో పక్కవాణ్ణి కనుక్కుంటాడు, బేరం ఉర్దూలో తెగుతుంది. ఎవరూ ఎవరికీ అర్థం చెప్పనక్కరలేదు. రాఘవ నాలుగు భాషల్లో నటించడం బయటివాళ్లకు అద్భుతంగా కనిపించి ఉండవచ్చు. ఈ సీమలో పెరిగినవాడికి మూడు భాషలు పుట్టుకతోనే వస్తాయి, నాలుగోది చదువుతో వస్తుంది.

నాటకాల బళ్ళారి

రాఘవ తల్లి శేషమ్మ, తండ్రి నరసింహాచార్యులు. 'ఆంధ్ర నాటక పితామహుడు' అనిపించుకున్న ధర్మవరం రామకృష్ణమాచార్యులు మేనమామ. ధర్మవరం వారు బళ్ళారిలో వకీలు. సరసవినోదిని సభను స్థాపించి 1887లో 'చిత్రనళీయం' ఆడించారు. 1891లో ఆ సభ మద్రాసు వెళ్లి విక్టోరియా పబ్లిక్ హాలులో నాటకాలు వేసింది. అవి చూసిన పమ్మల్ సంబంధ మొదలియార్ అదే ఏడు సుగుణ విలాస సభ పెట్టారు. తమిళ నాటకరంగ చరిత్రలో అంత పెద్ద పేరున్న సంస్థకు విత్తనం పడింది బళ్ళారి వకీళ్ల చేతినుంచి. ధర్మవరం వారికి పోటీగా అదే ఊళ్లో ఇంకో వకీలు, కొలాచలం శ్రీనివాసరావు, సుమనోరమ సభ నడిపారు. లోకంలోని నాటకాలన్నిటి చరిత్రను 1908లో ఇంగ్లీషులో పుస్తకంగా అచ్చువేసిన మనిషి ఆయన. ఒక మోస్తరు జిల్లా కేంద్రంలో, పగలు కోర్టులో ఎదురెదురుగా వాదించుకునేవాళ్లు రాత్రి రెండు సభలుగా చీలి నాటకాలతో తలపడేవాళ్లు. రాఘవ పెరిగింది ఆ పోటీ మధ్య.

కుర్రతనంలోనే షేక్‌స్పియర్ నాటకాలాడడానికి ఒక క్లబ్బు పెట్టారు. మద్రాసులో న్యాయశాస్త్రం చదివి బళ్ళారిలో ప్రాక్టీసు మొదలుపెట్టారు. క్రిమినల్ కేసుల్లో గట్టివాడని పేరు తెచ్చుకుని పబ్లిక్ ప్రాసిక్యూటరు అయ్యారు. ఈ ఉద్యోగ వివరాన్ని నాటక చరిత్రలు ఒక్క వాక్యంతో దాటేస్తాయి. అది సరికాదేమో. సాక్షి బోనులో నిలబడ్డ మనిషి అబద్ధం చెప్పబోయే ముందు గొంతు ఎలా సర్దుకుంటాడో, చేతులు ఎక్కడ దాచుకుంటాడో, ఏ ప్రశ్నకు కళ్లు పక్కకు తిప్పుతాడో రోజూ దగ్గరగా చూసిన నటుడు ఆయన. తక్కిన నటులకు ఆ బడి దొరకలేదు.

కొలాచలం వారు విజయనగర సామ్రాజ్య పతనం మీద రాసిన నాటకంలో పఠాన్ రుస్తుం వేషం రాఘవకు పెద్ద పేరు తెచ్చింది. ఈ ప్రాంతపు ప్రేక్షకుడికి అది ఎక్కడో జరిగిన కథ కాదు. హంపీ బళ్ళారి జిల్లాలోనే ఉండేది. 1565లో రామరాయలు పడిపోయాక విజయనగర దుర్గాల్లో ఒకటైన ఆదోని కొద్ది ఏళ్లకే బిజాపూరు వశమైంది. కోట గోడలు ఊరి మీదికి కనిపిస్తూనే ఉంటాయి. సుల్తానుల వైపు మనిషి వేషాన్ని ఒక వైష్ణవ వకీలు కట్టి, హిందూ ముస్లిములు పక్కపక్కన కూర్చున్న సభను కదిలించడం చిన్న విషయం కాదు. హిరణ్యకశిపుడు, దుర్యోధనుడు, చాణక్యుడు, హరిశ్చంద్రుడు, షైలాకు, ఒథెల్లో ఆయన తక్కిన పెద్ద వేషాలు. 'దీనబంధు కబీరు' అనే హిందీ నాటకంలో ఆయన్ను గాంధీజీ చూసి మెచ్చుకున్నారు.

పద్యానికి ఎదురు

రాఘవ సినిమా నటన అర్థం కావాలంటే ఆయన వేటిని కాదన్నారో ముందు తెలియాలి. అప్పటి తెలుగు నాటకం పద్యం మీద బతికేది. నటుడు హార్మోనియం వైపు ఒక అడుగు వేసి, శ్రుతి చూసుకుని, రాగం ఎత్తుకుని, చివరి పాదాన్ని సాగదీస్తాడు. నేల మీద కూర్చున్న వరసల్లోంచి "వన్స్‌మోర్" అని కేక వస్తుంది. చచ్చి పడి ఉన్న పాత్ర కూడా లేచి, ఆ పద్యం మళ్లీ పాడి, మళ్లీ చచ్చిన సందర్భాలు తెలుగు నాటకాభిమానులు నవ్వుతూ చెప్పుకునేవే. రాఘవ దీనికి ఎదురు తిరిగారు. పద్యం మాటలాగా వినపడాలి, భావం ముందు రావాలి, రాగం వెనక రావాలి అన్నది ఆయన పట్టు. సాగదీయరు, శ్రుతి కోసం కథ ఆపరు. గొంతు తగ్గించి పలికే చోట నిజంగానే తగ్గించేవారు, వెనక వరసవాళ్లు విసుక్కున్నా సరే.

ఆడవేషాలు ఆడవాళ్లే వేయాలన్నది ఇంకో పట్టు. స్థానం నరసింహారావు లాంటి మహానటులు స్త్రీ పాత్రల్లో రాజ్యమేలుతున్న రోజులవి. రాఘవ ఆ ప్రతిభను తక్కువ చేయలేదు కానీ, మగవాడు ఎంత బాగా వేసినా ఆ పాత్ర మగవాడి ఊహేనని వాదించారు. కొమ్మూరి పద్మావతీదేవి లాంటి చదువుకున్న స్త్రీలను వేదిక ఎక్కించారు. తర్వాత మద్రాసు హైకోర్టు ప్రధాన న్యాయమూర్తి అయిన పి.వి. రాజమన్నార్ రాసిన 'తప్పెవరిది' అనే సాంఘిక నాటకాన్ని ఆడి, పురాణం లేకుండా, కిరీటం లేకుండా, మామూలు ఇంట్లో మామూలు మాటలతో తెలుగు నాటకం నిలబడుతుందని చూపించారు.

1928లో ఇంగ్లండు వెళ్లారు. బెర్నార్డ్ షాను కలిశారు, అక్కడి నాటకశాలలు చూశారు. ఆ ప్రయాణం చుట్టూ తర్వాత చాలా కథలు అల్లుకున్నాయి, పొగడ్తలు పెరిగాయి. వాటి బరువు దించి చూస్తే మిగిలేది ఇది: మాటను మాటలాగే పలికే నటనను తనొక్కడే ఒంటరిగా కోరుకోవడం లేదని ఆయనకు అక్కడ రుజువైంది. అదే ఏడు నవంబరులో నంద్యాల సభలో చిలుకూరి నారాయణరావు ఈ ప్రాంతానికున్న 'దత్తమండలం' అన్న పాత పేరు తీసేసి 'రాయలసీమ' అన్నారు. రాఘవ ఇంగ్లండుకు బయలుదేరిన ఏడే ఆయన పుట్టిన సీమకు కొత్త పేరు వచ్చింది.

టాకీ వచ్చాక

మొదటి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' 1932లో వచ్చింది. దర్శకుడు హెచ్.ఎం. రెడ్డి. కథకు ఆధారం సురభివారు ఆడుతున్న నాటకం, ఆ నాటకానికి మూలం ధర్మవరం రామకృష్ణమాచార్యుల రచన. అంటే తెలుగు సినిమా మాటలు నేర్చింది బళ్ళారి వకీలు రాసిన నాటకంతో. హిరణ్యకశిపుడి వేషంలో ఆ వకీలు మేనల్లుడికి రంగస్థలం మీద ఎదురులేదు. తెర మీద మాత్రం ఆ వేషం మునిపల్లె సుబ్బయ్య వేశారు. రాఘవ తెర మీదికి రావడానికి ఇంకో నాలుగేళ్లు పట్టింది. అప్పటికి ఆయనకు 56 ఏళ్లు.

నాటకంలో పండిపోయిన నటుణ్ణి వయసు మళ్లాక కెమెరా ముందుకు తేవడం మన దగ్గర మాత్రమే జరిగిన పని కాదు. ఇంగ్లండులో హామ్లెట్ పాత్రకు మారుపేరైన సర్ జాన్‌స్టన్ ఫోర్బ్స్-రాబర్ట్‌సన్ 1913లో, 60 ఏళ్ల వయసులో, ఆ పాత్రను సినిమాకు ఎక్కించారు. అది మూకీ. ఆ నటుడి గొప్పంతా గొంతులో ఉంటే, తెర మీద మిగిలింది పెదవుల కదలిక. రాఘవకు ఆ కష్టం లేదు, ఆయన కాలానికి మాట వచ్చేసింది. అయితే ఆ మాట ఎలా వచ్చిందో చూడాలి.

తొలి టాకీల్లో మైకు ఒకచోట దాచి ఉంచేవారు, పూలకుండీ వెనకో సింహాసనం పక్కనో. నటుడు దానికి దగ్గరగా నిలబడి, దాని వైపే మాట్లాడాలి. అటు తిరిగితే మాట పోతుంది, గొంతు తగ్గిస్తే గురగుర మిగులుతుంది. కెమెరా చప్పుడు వినపడకుండా దాన్ని పెట్టెలో బిగించేవారు, కనుక అదీ కదలదు. నేపథ్యగానం తెలుగులో ఇంకా అలవాటు కాలేదు. పాడవలసినవాళ్లు అక్కడే పాడుతూ నటించాలి, వాద్యాలు తెర అంచుకు అవతల కూర్చుని వాయించాలి. ఈ ఏర్పాటు పద్యనటులకు అచ్చొచ్చింది. కదలకుండా నిలబడి గట్టిగా పాడడం వాళ్లకు వెన్నతో పెట్టిన విద్య. కదలికకు, గొంతు ఎత్తుపల్లాలకు, మౌనానికి పేరు పడ్డ రాఘవకు అదే అడ్డు. ఆయన నటన సినిమాకు సరిపోదని కొందరు అన్నారు. నిజానికి అప్పటి సినిమా యంత్రాలే ఇంకా ఆయన నటనకు సరిపడేంత ఎదగలేదు.

ఇద్దరు ద్రౌపదులు, ఇద్దరు దుర్యోధనులు

1936లో ఒకే కథ మీద రెండు తెలుగు సినిమాలు పోటీపడి వచ్చాయి. లక్ష్మీ ఫిలిమ్స్ వారి 'ద్రౌపదీ మానసంరక్షణం' ఒకటి, సరస్వతీ టాకీస్ వారి 'ద్రౌపదీ వస్త్రాపహరణం' రెండోది. మొదటిదానికి ఎన్. జగన్నాథస్వామి దర్శకుడు, రాఘవ దుర్యోధనుడు, బందా కనకలింగేశ్వరరావు కృష్ణుడు, తొలి తెలుగు టాకీ నాయిక సురభి కమలాబాయి ద్రౌపది. రెండోదానికి హెచ్.వి. బాబు దర్శకుడు; యడవల్లి సూర్యనారాయణ దుర్యోధనుడు, సి.ఎస్.ఆర్. ఆంజనేయులు కృష్ణుడు, కన్నాంబ ద్రౌపది, వేమూరి గగ్గయ్య శిశుపాలుడు. కాగితం మీద చూస్తే రెండూ సమఉజ్జీలు. డబ్బుల దగ్గర 'వస్త్రాపహరణం' గెలిచింది, 'మానసంరక్షణం' ఓడింది.

ఎందుకు? పాటా పద్యమూ అన్నది సగం జవాబు. రెండో సినిమాలో పాడే గొంతులు ఎక్కువ, టికెట్టు కొన్నవాడు వినాలనుకున్నదీ అదే. ఊరూరా తిరిగే డేరా టాకీసులో ఒక్కటే ప్రొజెక్టరు ఉండేది. రీలు అయిపోగానే దీపాలు వెలుగుతాయి, ఇంకో రీలు ఎక్కించేదాకా జనం బీడీలు ముట్టించి, వేరుశనగకాయలు ఒలుచుకుంటూ, అప్పటిదాకా విన్న పద్యాన్ని మళ్లీ తమలో తాము అనుకుంటారు. అలా పదిసార్లు తెగే సినిమాలో గుర్తుండేది పద్యం. ఒక కనుబొమ ఎప్పుడు లేచిందో, ఒక మాట దగ్గర గొంతు ఎందుకు ఆగిందో గుర్తుండదు. రాఘవ దుర్యోధనుడు మహారాజుగా కాక, అసూయతో లోపల కాలే మనిషిగా రంగస్థలం మీద పేరు తెచ్చుకున్నవాడు. ఆ కాలం పౌరాణిక సినిమాకు కావలసింది గద ఎత్తి గర్జించే దుర్యోధనుడు.

ఈ ఓటమి తర్వాత మూడేళ్లు ఆయన తెర మీద కనిపించలేదు. వకాలతు ఉంది, నాటకాలున్నాయి. సినిమా మీద బతకాల్సిన అవసరం ఆయనకు ఎప్పుడూ లేదు.

'రైతుబిడ్డ'

గూడవల్లి రామబ్రహ్మం 1938లో 'మాలపిల్ల' తీసి తెలుగు సినిమాను అంటరానితనం ప్రశ్న ముందు నిలబెట్టారు. మరుసటి ఏడు సారథి సంస్థ పేరనే 'రైతుబిడ్డ' తీశారు. ఇందులో చిన్న రైతు నర్సిరెడ్డి పాత్ర రాఘవది. త్రిపురనేని గోపీచంద్ ఈ చిత్రంతోనే సినిమా రచనలోకి వచ్చారు. కొసరాజు రాఘవయ్యచౌదరి ఇందులో పాటలు రాశారు, వేషమూ వేశారు. పి. సూరిబాబు, టంగుటూరి సూర్యకుమారి ఉన్నారు.

కథ సూటిగా ఉంటుంది. నర్సిరెడ్డికి కొంచెం భూమి ఉంది, సావుకారు దగ్గర అప్పు ఉంది. ఊరు జమీందారీ. ఎన్నికలొస్తాయి. జమీందారు వైపు మనిషికి ఓటు వేయమని పైనుంచి మాట వస్తుంది. నర్సిరెడ్డి రైతుల తరఫు నిలబడ్డవాడి వైపు ఉంటాడు. అక్కణ్ణుంచి అప్పు పత్రం ఆయుధమవుతుంది, కరణం కలం ఆయుధమవుతుంది.

ఇవాళ ఇది పాత కథలా వినిపిస్తుంది. 1939లో ఇది దినపత్రిక వార్త. 1937 ఎన్నికల్లో జమీందార్ల జస్టిస్ పార్టీ మద్రాసు రాష్ట్రంలో చిత్తుగా ఓడింది. ఆ పార్టీ నాయకుడు బొబ్బిలి రాజావారు తన సొంత బొబ్బిలిలోనే వి.వి. గిరి చేతిలో ఓడారు. రాజాజీ మంత్రివర్గంలో రెవిన్యూ మంత్రి టంగుటూరి ప్రకాశం అధ్యక్షతన జమీందారీ విచారణ సంఘం కూర్చుని, 1938లో నివేదిక ఇచ్చింది. ఆ ప్రకాశం తమ్ముడి కూతురే సూర్యకుమారి. పెదనాన్న శాసనసభలో మాట్లాడిన సంగతినే ఈ పదమూడేళ్ల అమ్మాయి నటించిన సినిమా తెర మీద పెట్టింది. జమీందార్లు ఊరుకోలేదు, కొన్నిచోట్ల ప్రదర్శనలు ఆగిపోయాయి. ఇంకో సరదా ఏమిటంటే సారథి సంస్థ వెనక డబ్బు పెట్టినవారు స్వయంగా చల్లపల్లి రాజావారు. జమీందారు సొమ్ముతో జమీందారీ మీద సినిమా. జమీందారీని రద్దు చేసే చట్టం మద్రాసు రాష్ట్రంలో 1948లో గానీ రాలేదు.

సూర్యకుమారి గురించి ఒక పక్కమాట. తర్వాత ఆమె మద్రాసు వదిలి, న్యూయార్కులో టాగోర్ నాటకం ఆడి, 1960లలో లండన్లో స్థిరపడి, 2005లో అక్కడే కన్నుమూశారు. బ్రిటిష్ పాఠకుడు ఆమెను లండన్లో భారతీయ కళలు నేర్పిన నటిగా ఎరుగును. ఆ నటి చిన్నతనంలో రాఘవతో కలిసి ఒక సినిమాలో ఉందని అక్కడా తెలియదు, ఇక్కడా గుర్తులేదు.

ఆదోని వైపు నుంచి చూస్తే ఈ పాత్రలో ఒక విశేషం ఉంది, దాన్ని సినిమా చరిత్రలు పట్టించుకోలేదు. రాఘవది జమీందారీ సీమ కాదు. 1800లో నిజాం దత్తమండలాలను కుంపిణీకి అప్పగించాక థామస్ మన్రో ఇక్కడ రైత్వారీ పెట్టారు. పన్ను రైతు నేరుగా సర్కారుకే కట్టాలి. పాళెగాళ్ల పెత్తనాన్ని మన్రో విరగ్గొట్టారు. ఆయన 1827లో పత్తికొండలో కలరాతో పోయినా, ఈ సీమ జనం నోళ్లలో 'మన్రోలప్ప'గా మిగిలారు. కనుక జమీందారు పల్లకి ముందు తల వంచిన రైతును రాఘవ తన జిల్లాలో చూసి ఉండరు. మరి ఆ రైతును ఎక్కణ్ణుంచి తెచ్చుకున్నారు?

అప్పు దగ్గర్నుంచి. జమీందారు లేకపోయినా సావుకారు ఉన్నాడు. బళ్ళారి జిల్లాను 1876–78 ధాత కరువు ఊడ్చేసింది. రాఘవ పుట్టింది అది ముగిసిన రెండేళ్లకు. ఆదోని చుట్టూ నల్లరేగడి మీద పత్తి, జొన్న వానను నమ్ముకుని పండేవి. వాన తప్పిన ఏడు రైతు నోటు రాసిస్తాడు, మరుసటి ఏడు వడ్డీ రాసిస్తాడు, ఆ మరుసటి ఏడు పొలం రాసిస్తాడు. ఎమ్మిగనూరులో మగ్గం కథా అంతే: నూలు సావుకారుది, చీర సావుకారుది, నేతగాడికి మిగిలేది కూలి. అక్కడ మాచాని సోమప్ప 1938లో చేనేతగాళ్ల సహకార సంఘం నిలబెట్టింది ఈ ముడి విప్పడానికే. నూలు సంఘం ఇస్తుంది, బట్ట సంఘం కొంటుంది, మధ్యవాడికి చోటు లేదు. 1954లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. ఎమ్మిగనూరు నేతగాడు అప్పు నుంచి బయటపడే దారి వెతుక్కుంటున్న రోజుల్లోనే, అదే జిల్లా నటుడు అప్పులో కూరుకున్న రైతును తెర మీద చూపించారు. ఈ రెండింటికీ చుట్టరికం ఏమీ లేదు. ఒకే కాలం, ఒకే బాధ.

ఇక్కడ రాఘవకు అన్నీ కలిసొచ్చాయి. పాడనక్కరలేదు, పాడేందుకు సూరిబాబు ఉన్నారు. గద లేదు, కిరీటం లేదు. అప్పులవాడి ముందు నిలబడ్డ రైతు గొంతు తగ్గించి మాట్లాడతాడు, అది ఆయన ముప్పై ఏళ్లుగా కోర్టులో విన్న గొంతు. మైకు కూడా 1936 నాటికన్నా మెరుగుపడింది. తర్వాతి తెలుగు సాంఘిక చిత్రాల్లో పల్లెటూరి పెద్దమనిషి పాత్ర ఎలా మాట్లాడాలన్నదానికి తొలి నమూనా నర్సిరెడ్డి అని ఈ వ్యాసకర్త అభిప్రాయం. పేరు నటుడు నాగయ్యకు దక్కింది, దానికి ఆయన అర్హులే. దారి వేసినవారిలో మొదటివాడు మాత్రం రాఘవ.

'చండిక', ఆ తర్వాత

మూడోది 1940 నాటి 'చండిక'. దర్శకుడు రఘుపతి సూర్యప్రకాశ్, తెలుగువారి తొలి మూకీ 'భీష్మ ప్రతిజ్ఞ' తీసినవారు, సినిమా పని ఇంగ్లండులో నేర్చుకొచ్చినవారు. కత్తి పట్టి గుర్రమెక్కే నాయికగా కన్నాంబ, ఆమెతో వేమూరి గగ్గయ్య, రాఘవ. నాలుగేళ్ల కిందట పోటీ సినిమాలో ద్రౌపదిగా, శిశుపాలుడిగా తనను ఓడించినవాళ్ల పక్కనే రాఘవ ఇప్పుడు నిలబడ్డారు. సినిమా కన్నాంబది. రాఘవ ఉన్నారు, అంతకుమించి చెప్పుకునేది తక్కువ.

దీని తర్వాత ఆయన సినిమాల్లో లేరు. అరవై దాటింది. యుద్ధం వచ్చి ముడిఫిల్ముకు కరువొచ్చింది, సినిమాల సంఖ్యే పడిపోయింది. పైగా ఆయన ఏ కంపెనీకీ జీతగాడు కాదు. నాటకాన్నే డబ్బు కోసం ఆడనివాడు సినిమా ఆఫీసుల చుట్టూ తిరగడు. సారథిలాంటి సంస్థ ఇంకోటి ఉండి, రామబ్రహ్మంలాంటి దర్శకుడు వరసగా నాలుగు పాత్రలు ఇచ్చి ఉంటే సంగతి వేరుగా ఉండేది. రామబ్రహ్మం కూడా 1946లోనే పోయారు.

రాఘవ పుట్టిన తాడిపత్రి ప్రాంతం నుంచే తర్వాత కె.వి. రెడ్డి వచ్చి 'పాతాళభైరవి', 'మాయాబజార్' తీశారు. రాయలసీమ సినిమాకు ఏమిచ్చిందన్న ప్రశ్న వచ్చినప్పుడల్లా ఆ పేరు చెబుతారు, బి.ఎన్. రెడ్డి పేరు చెబుతారు, అది న్యాయమే. రాఘవ పేరు నాటకాల పట్టికలోకి వెళ్లిపోతుంది. బళ్ళారిలో రాఘవ కళామందిరం ఉంది. 1981లో తపాలాశాఖ ఆయన బొమ్మతో బిళ్ళ తెచ్చింది. ఆ గౌరవాలన్నీ రంగస్థల నటుడికే దక్కాయి. తెర మీది నర్సిరెడ్డికి అందులో వాటా రాలేదు.

ఆయన 1946 ఏప్రిల్ 16న కన్నుమూశారు. అప్పటికి ఆదోని, ఎమ్మిగనూరు ఇంకా బళ్ళారి జిల్లాలోనే ఉన్నాయి.